గెలుపు లేని ఆటలు

తెలుగులో 'ఆట' అనే మాట చాలా పనులు చేస్తుంది. పిల్లలు వీధిలో ఆడేది ఆట. తోలుబొమ్మలది ఆట. ఆడుతూ పాడుతూ వేసే కోలాటం ఆట. మా వైపు పల్లెల్లో చిరుతల రామాయణం నేర్చుకుని ఊరి నడుమ ప్రదర్శిస్తే 'ఆట ఆడిన్రు' అంటారు. సినిమాహాళ్ళు వచ్చాక కూడా ఆ మాట పోలేదు. మొదటి ఆట, రెండో ఆట అనే అంటున్నాం. నాటకాన్ని ఒకరు రాస్తారు, పదిమంది 'ఆడతారు'. జనం దృష్టిలో ఇవన్నీ ఒకే కుటుంబం. సాహిత్య విమర్శ మాత్రం ఈ కుటుంబాన్ని విడగొట్టింది. నాటకాన్ని, యక్షగానాన్ని, ఎన్నో సందేహాల తర్వాత సినిమాను లోపలికి రానిచ్చింది. నియమాలతో ఆడే ఆటను మాత్రం వాకిట్లోనే నిలబెట్టింది. అది పిల్లల వ్యవహారం, లేదా కాలక్షేపం, లేదా జూదం అన్నది మన పండితుల అభిప్రాయం. ప్రతి విషయంలోనూ పండితులతో తగాదా పెట్టుకున్న అభ్యుదయ విమర్శకులం ఈ ఒక్క విషయంలో వాళ్ళతో రాజీ పడిపోయాం.

ఈ వ్యాసంలో నేను పరిశీలించదలచుకున్నది వీడియో ఆటల్లో ఒక చిన్న పాయను. పెద్ద కంపెనీల పెట్టుబడి లేకుండా ఒకరిద్దరు మనుషులు తయారుచేసి, చిత్రకళా ప్రదర్శనల్లో బొమ్మలు పెట్టినట్టు పదిమంది ముందు పెడుతున్న ప్రయోగాత్మక ఆటలు ఇవి. ఇవి కళ అవునా, కాదా అన్న ప్రశ్న మీద నాకు పెద్ద ఆసక్తి లేదు. ఇవి అర్థాన్ని ఏ పద్ధతిలో పుట్టిస్తాయి, ఆ పద్ధతిలో ఉన్న ప్రమాదమేమిటి, కథా నాటకమూ రాసేవాళ్ళు అందులోంచి నేర్చుకోగలిగింది ఏమైనా ఉందా అన్నవే నా ప్రశ్నలు.

ముందుగా ఒక అనుమానాన్ని గౌరవించాలి. ఈనాడు తెలుగు ఇంట్లో 'ఆన్‌లైన్ గేమ్' అనగానే గుర్తొచ్చేది ఫోనులో రమ్మీ, దాని వెంట వచ్చే అప్పు. 2017లో తెలంగాణ, 2020లో ఆంధ్రప్రదేశ్ తమ చట్టాలను సవరించి డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలను నిషేధించాయి. 2025 ఆగస్టులో పార్లమెంటు దేశమంతటికీ ఒక చట్టం చేసింది. ఇక రెండోది తుపాకుల ఆట. 2020 సెప్టెంబరులో కేంద్రం పబ్జీని నిషేధించాక కూడా మా బడి పిల్లల నోట అదే తరహా ఆటల పేర్లు వింటూనే ఉన్నాను. కాబట్టి తల్లిదండ్రుల భయం వట్టిది కాదు. కాని చౌకబారు డిటెక్టివ్ నవలలు కుప్పలుగా అమ్ముడుపోయిన రోజుల్లో వాటిని చూసి నవల అనే ప్రక్రియనే ఎవరూ తోసిపుచ్చలేదు. ఆటకు కూడా ఆ పాటి న్యాయం జరగాలి.

'స్వతంత్ర' ఆట అంటే ఏమిటో చెప్పాలి. పెద్ద వీడియో ఆటను వందలమంది ఉద్యోగులు సంవత్సరాల తరబడి తయారుచేస్తారు. పెట్టుబడి తిరిగి రావాలి కనుక ఇదివరకు అమ్ముడుపోయిన పద్ధతినే మళ్ళీ వాడతారు. గత ఇరవయ్యేళ్ళలో ఆటలు కట్టే సాఫ్ట్‌వేర్ చౌకగా, కొంత పూర్తి ఉచితంగా దొరకసాగింది. 2013లో మొదలైన ఇచ్ డాట్ ఐఓ వంటి చోట ఎవరైనా తమ ఆటను పెట్టుకోవచ్చు, ఉచితంగా ఇవ్వవచ్చు. మన లోకంలో దీనికి దగ్గరి పోలిక చిన్న పత్రిక. అచ్చుఖర్చు తగ్గి సైక్లోస్టైల్ యంత్రం చేతికొచ్చినప్పుడు కవిత్వంలో ఏం జరిగిందో ఇక్కడా అలాంటిదే జరిగింది: చెత్త చాలా వచ్చింది, కొత్తదీ కొంత వచ్చింది.

ఆ కొత్తదాన్ని నేను చూసింది హైదరాబాదులో, తార్నాక పక్కనున్న విశ్వవిద్యాలయ ఆవరణలో. నా దగ్గర పదో తరగతి చదివి ఇప్పుడక్కడ పరిశోధన చేస్తున్న కుర్రవాడు, అతని మిత్రులు కలిసి ఒక సెమినారు గదిలో నాలుగు ల్యాప్‌టాప్‌లు, అరువు తెచ్చిన ఒక ప్రొజెక్టరు పెట్టారు. ఒక్కో యంత్రం పక్కన గోడకు అట్టముక్క: ఆట పేరు, చేసినవాళ్ళ పేరు, సంవత్సరం. "సార్, మీరు రావాలె, వచ్చి తిట్టాలె" అని ఫోను చేశాడు. సాయంత్రం అయిదింటికి గది ఖాళీ చెయ్యాల్సి వచ్చింది. చూడాల్సినవి మిగిలిపోయాయి. యంత్రాలను సంచుల్లో వేసుకుని తార్నాక చౌరస్తా దాటి, లాలాపేట వైపు అతను అద్దెకుంటున్న గదికి పోయాం. అక్కడ రాత్రి పదకొండు దాకా సాగింది. ఒకే ఆటలు రెండు చోట్ల రెండు రకాలుగా కనిపించాయి. ఆ సంగతి తర్వాత.

మొదట కూర్చున్నది 'ది గ్రేవ్‌యార్డ్' అనే ఆట ముందు. బెల్జియంలోని టేల్ ఆఫ్ టేల్స్ అనే ఇద్దరు కళాకారుల జంట 2008లో చేసింది. నలుపు తెలుపు శ్మశానం. ఒక ముసలమ్మ కర్ర పట్టుకుని కుంటుతూ నడుస్తుంది. ఆమెను బాట వెంట బెంచీ దాకా నడిపించడమే మన పని. కూర్చుంటే ఒక పాట వినిపిస్తుంది. లేచి మళ్ళీ వెనక్కి నడవాలి. అంతే. ఈ ఆటకు ఒక ఉచిత ప్రతి, ఒక వెల కట్టిన ప్రతి ఉన్నాయి. రెంటికీ తేడా ఒక్కటే: డబ్బు కట్టిన ప్రతిలో ఆ ముసలమ్మ బెంచీ మీద చనిపోవచ్చు. చావును కూడా సరుకు చేసిన మార్కెట్టు మీద ఇంతకన్నా కరుకైన వ్యంగ్యాన్ని నేను ఈ మధ్య చదవలేదు. వరుసలో నా వెనకున్న విద్యార్థి "ఇందుల ఏం చెయ్యాలె?" అని అడిగాడు. నడవాలె, కూసోవాలె అన్నారు. అతను అర నిమిషం చూసి పక్కకు పోయాడు. గది తాళం వెయ్యడానికి వచ్చిన అటెండరు మాత్రం నిలబడిపోయాడు. "ఆమెకు పిల్లలెవ్వరు లేరా సార్, ఒక్కతే వచ్చింది?" అన్నాడు. వీడియో ఆటలు ఆడే అలవాటున్నవాడు గెలుపు కోసం వెతికాడు, అలవాటు లేనివాడు మనిషి కోసం వెతికాడు.

ఇక్కడ కాస్త ఆగి శిల్పం సంగతి చూడాలి. కథకు వాక్యం ఎట్లాగో, సినిమాకు కూర్పు ఎట్లాగో, ఆటకు నియమం అట్లా. బొమ్మలు, సంగీతం, కథ అన్నీ పైకి కనిపించేవి. ఆట నిజంగా మాట్లాడేది నియమం ద్వారా: ఆడేవాణ్ణి ఏ పని చెయ్యనిస్తుంది, ఏ పని చెయ్యనివ్వదు, దేనికి బహుమానం ఇస్తుంది, దేనికి శిక్ష వేస్తుంది. ఇది కంప్యూటరుతో వచ్చిన విశేషమేమీ కాదు. మన వైకుంఠపాళినే తీసుకోండి. పుణ్యానికి నిచ్చెన, పాపానికి పాము అని పటం మీద రాసి ఉంటుంది. కాని పుణ్యం చెయ్యాలా పాపం చెయ్యాలా అన్న నిర్ణయం ఆడేవాడి చేతిలో లేదు. గవ్వలు ఎట్లా పడితే అట్లా. పటం నీతి చెబుతుంది, నియమం తలరాత చెబుతుంది. పరమపదం గడప దాకా పోయినవాణ్ణి పెద్దపాము మింగితే అందరం నవ్వుకుంటూ మళ్ళీ మొదటి నుంచి మొదలుపెడతాం. కర్మ సిద్ధాంతాన్ని ప్రశ్నించకుండా ఒప్పించడానికి వంద ప్రవచనాల కన్నా ఈ పటం బలమైనది.

దాని పక్కనే పులి-మేక ఆట ఉంది. మూడు పులులు, పదిహేను మేకలు. గుడి మంటపాల బండల మీద ఆ గీతలు ఇంకా కనిపిస్తాయి. పులి గంతేసి మేకను తినగలదు. మేక ఒక్క అడుగు జరగడం తప్ప ఏమీ చెయ్యలేదు. బలం సమానం కాదని ఆట దాచదు. విడిగా దొరికిన మేక చస్తుంది. కూడి నిలబడి పులికి కదిలే చోటు లేకుండా చేసినప్పుడే మేకలు గెలుస్తాయి. ఈ రెండు ఆటల్నీ మన అరుగుల మీద ఒకే పిల్లలు ఒకే మధ్యాహ్నం ఆడుకున్నారు. వాటిని చదవాలన్న ఆలోచన మనకు రాలేదు.

అమెరికాలో ఒక స్త్రీకి ఆ ఆలోచన వచ్చింది. ఆమె పేరు ఎలిజబెత్ మేగీ. భూమి మీద అద్దె రూపంలో వచ్చే అక్రమ లాభాన్ని జనానికి అర్థం చేయించాలని 'ల్యాండ్‌లార్డ్స్ గేమ్' అనే ఆట తయారుచేసి 1904లో పేటెంటు పొందింది. ఒకే పటం మీద ఆడడానికి ఆమె రెండు రకాల నియమాలు రాసింది. ఒక పద్ధతిలో ఆడితే సంపద పెరిగినప్పుడు అందరికీ వాటా వస్తుంది. రెండో పద్ధతిలో ఒకడు తక్కినవాళ్ళందరినీ దివాలా తీయించేదాకా ఆట ముగియదు. 1935లో పార్కర్ బ్రదర్స్ కంపెనీ ఆమెకు 500 డాలర్లు ఇచ్చి పేటెంటు కొనుక్కుంది. అదే కంపెనీ అదే ఏడాది 'మొనాపలీ' పేరుతో రెండో పద్ధతి ఆటనే ప్రపంచమంతా అమ్మింది. మన పిల్లలు వేసవి సెలవుల్లో ఊళ్ళు కొనుక్కుంటూ, ఇళ్ళు కట్టుకుంటూ ఆడే 'బిజినెస్' ఆట దాని సంతానమే. పటం మారలేదు, గళ్ళు మారలేదు. ఒక నియమాల చీటీ పోయింది, దాంతో పాటు అర్థం తలకిందులైంది. వస్తువు, రూపం విడదీయరానివని మనం ఏళ్ళ తరబడి వాదించాం. ఇంతకన్నా స్పష్టమైన రుజువు సాహిత్యంలో వెతికినా దొరకడం కష్టం.

వీడియో ఆటలు ప్రదర్శనశాలలకు ఎక్కడం కొత్తేమీ కాదు. న్యూయార్క్‌లోని మ్యూజియం ఆఫ్ మోడర్న్ ఆర్ట్ 2012లో 14 వీడియో ఆటలను తన సేకరణలో చేర్చుకుంది. వాటిలో జేసన్ రోరర్ అనే ఒక్క మనిషి 2007లో చేసిన 'ప్యాసేజ్' కూడా ఉంది. అయిదు నిమిషాల ఆట, ఆ అయిదు నిమిషాల్లో ఒక జీవితం. దారిలో తోడు దొరుకుతుంది. తోడును తీసుకుంటే ఇద్దరూ కలిసి నడుస్తారు, కాని సన్నని సందుల్లో పట్టరు. అక్కడి నిధులు వదులుకోవాలి. ఇద్దరూ ముసలివాళ్ళవుతారు, చనిపోతారు. లండన్‌లోని విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియం 2018లో పెద్ద ప్రదర్శన పెట్టింది. అమెరికన్ సినిమా విమర్శకుడు రోజర్ ఈబర్ట్ మాత్రం 2010లో వీడియో ఆటలు ఎన్నటికీ కళ కాలేవని రాశాడు. ఆడేవాడి ఎంపిక మీద ఆధారపడినచోట రచయిత అధికారం ఏముంటుందన్నది ఆయన పాత అభ్యంతరం. మ్యూజియం కొన్నంత మాత్రాన ఏదీ కళ అయిపోదు కాని, ఈబర్ట్ వాదన మాత్రం నిలవదు. ఎంపికలను ఇచ్చేదీ, వాటి హద్దు గీసేదీ రచయితే. రచయిత అధికారం పోలేదు, నియమంలోకి వెళ్ళి దాక్కుంది. దాక్కున్న అధికారం కనుకనే దాన్ని విమర్శకుడు బయటికి లాగాలి.

అభ్యుదయ రచయితకు ముఖ్యమైన ఘట్టం ఇక్కడే ఉంది. బ్రెజిల్ నాటక ప్రయోక్త ఆగస్టో బోల్ పీడితుల రంగస్థలం గురించి 1970లలో చెప్పింది మన నాటక కార్యకర్తలకు తెలిసే ఉంటుంది. ఆయన ఫోరమ్ నాటకంలో ప్రేక్షకుడు మధ్యలో 'ఆపండి' అనవచ్చు. వేదిక మీదికి వచ్చి పీడితుడి పాత్ర తీసుకుని, మరో విధంగా నడిపి చూడవచ్చు. పశ్చిమ బెంగాల్‌లో జన సంస్కృతి బృందం 1985 నుంచి ఊళ్ళలో ఈ పని చేస్తోంది. ఉరుగ్వే దేశస్థుడు గొంజాలో ఫ్రాస్కా 2001లో తన సిద్ధాంత వ్యాసంలో బోల్ పద్ధతిని వీడియో ఆటకు అన్వయించాడు. 2003లో 'సెప్టెంబరు 12' అనే చిన్న ఆట చేశాడు. తెర మీద మధ్యప్రాచ్యపు బజారు. నడిచేవాళ్ళలో కొందరు ఉగ్రవాదులు. మీ చేతిలో క్షిపణి ఉంది. వేస్తే మామూలు జనం కూడా చస్తారు. శవం చుట్టూ ఏడ్చినవాళ్ళు ఉగ్రవాదులుగా మారతారు. ఎంత కాలిస్తే అంత పెరుగుతారు. ఈ ఆటకు గెలుపు లేదు, ముగింపు లేదు. కాల్చకుండా ఉండడం ఒక్కటే దారి. ఇరాక్ యుద్ధం మొదలైన ఏడాది వచ్చిందది.

ఇటలీకి చెందిన పావోలో పెదెర్చీనీ, మోలెయిందుస్త్రియా అనే పేరుతో 2011లో 'ఫోన్ స్టోరీ' చేశాడు. ఫోనులో ఆడే ఆట, ఫోను పుట్టుక గురించిన ఆట. కాంగోలో కోల్టాన్ గనిలో పిల్లలు పని ఆపితే వాళ్ళను బెదిరించాలి; చైనా ఫ్యాక్టరీలో మేడ మీది నుంచి దూకే కార్మికులను వల పట్టి ఆపాలి; చివరికి పాకిస్తాన్‌లో పాత ఫోన్ల చెత్త. బెదిరించకపోతే ఆట ముందుకు సాగదు. యాపిల్ కంపెనీ తన దుకాణం నుంచి దాన్ని వచ్చిన కొద్ది రోజుల్లోనే తీసేసింది. కథలో ఈ విషయాలే చదివితే మనకు జాలి కలుగుతుంది. ఇక్కడ మన బొటనవేలు ఆ పని చేస్తుంది.

ఇంతవరకు చెప్పింది విని ఎవరైనా ఉత్సాహంతో 'అయితే మన కథల్ని ఆటలు చేద్దాం' అనవచ్చు. తొందర వద్దు. కాళీపట్నం రామారావు 'యజ్ఞం' మీద ఎంత చర్చ జరిగిందో ఈ పత్రిక పాఠకులకు నేను చెప్పనక్కరలేదు. అప్పల్రాముడి అప్పు ఎట్లా పుట్టింది, ఎట్లా పెరిగింది, పంచాయితీలో న్యాయంగానే మాట్లాడుతున్నట్టున్న పెద్దల మాటల్లో అన్యాయం ఎక్కడుంది అన్నదంతా ఒక లెక్క. ఆ లెక్క నుంచి తప్పించుకునే దారి లేదన్నదే కథకు ప్రాణం. దాన్ని చూసిన కొడుకు సీతారాముడు తన బిడ్డనే నరికేస్తాడు. ఇప్పుడు దాన్ని ఆటగా ఊహించండి. ఆడేవాడు అప్పల్రాముడు. అతను మొదట చేసే పని ఏమిటి? తెలివైన ఎత్తు కోసం వెతకడం. ఈ పంట కాకుండా ఆ పంట వేస్తే? వడ్డీ ముందే కట్టేస్తే? ఓడిపోతే మళ్ళీ మొదలుపెడతాడు, ఈసారి ఇంకా బాగా ఆడతాడు. అంటే ఆట అనే రూపం స్వభావసిద్ధంగానే ఒక మాట చెబుతోంది: ఓడిపోతే తప్పు నీదే, నేర్పు ఉంటే గట్టెక్కుతావు. వ్యక్తివాదపు పునాది మీద నిలబడిన మాట ఇది.

ఇది నా ఊహ మాత్రమే కాదు. 2011లో అమెరికాలో 'స్పెంట్' అనే ఆట వచ్చింది. ఉద్యోగం పోయిన మనిషి 1000 డాలర్లతో నెల గడపాలి. పేదల మీద సానుభూతి కలిగించడం దాని ఉద్దేశం. జీనా రూసోస్, జాన్ డోవిడియో అనే ఇద్దరు మనస్తత్వ శాస్త్రజ్ఞులు దాన్ని పరీక్షించి 2016లో ఫలితం ప్రకటించారు. ఆట ఆడినందువల్ల పేదల పట్ల వైఖరి మెరుగుపడలేదు. నిర్ణయాలు తమ చేతిలో ఉన్నాయన్న అనుభవం పేదరికం మనిషి చేతిలోనే ఉందన్న భావనను బలపరిచింది. తాము ఆడకుండా ఆటను చూసినవాళ్ళలో ఫలితం మెరుగ్గా ఉంది. పది నిమిషాలు పేదవాడిగా నటించి నెల నెగ్గుకొచ్చిన మధ్యతరగతి మనిషి ఏమనుకుంటాడో మనం ఊహించగలం.

కాబట్టి ప్రయోగాత్మక ఆటల్లో గెలుపు లేకపోవడం తమాషా కోసం పెట్టింది కాదు. 'సెప్టెంబరు 12'లో, ముసలమ్మ ఆటలో గెలుపును తీసెయ్యడం అంటే ఆ పాత అబద్ధాన్ని తీసెయ్యడం. ఈ కొలబద్ద పెట్టుకుని చూస్తే మన దగ్గర వచ్చిన పని కూడా వేరుగా కనిపిస్తుంది. హైదరాబాద్‌కు చెందిన ఓగర్ హెడ్ స్టూడియో 2017లో 'అసుర' విడుదల చేసింది. కొద్దిమంది కలిసి చేసిన స్వతంత్ర ఆట. అన్యాయానికి గురై పగ తీర్చుకునే అసురుడే నాయకుడు. త్రిపురనేని రామస్వామి చౌదరి మొదలుకుని పురాణాన్ని ఓడినవాడి వైపు నుంచి చదివిన సంప్రదాయం మనకుంది కనుక ఆ పేరు వినగానే నేను ఆశపడ్డాను. పనితనం గట్టిది, బొమ్మల్లో ఈ నేల కనిపిస్తుంది. కాని ఆడేవాడు చేసే పని నరకడం, తప్పించుకోవడం, మళ్ళీ నరకడం. కథలో పక్షం మారింది, నియమంలో మారలేదు. ఆ ఆట పెట్టుకున్న లక్ష్యం వేరు కనుక దాన్ని నిందించను. మన చర్చకు మాత్రం అదొక హద్దురాయి.

దీనికి అవతలి కొసన గుజరాత్‌లోని చలా అనే చిన్న ఊరి నుంచి పనిచేసే స్టూడియో ఒలియోమింగస్ ఉంది. ధ్రువ్ జానీ, సుశాంత్ చక్రవర్తి నడుపుతున్నది. 'ఎ మ్యూజియమ్ ఆఫ్ డ్యూబియస్ స్ప్లెండర్స్'లో గదుల నుంచి గదులకు నడవడం, వస్తువులు చూడడం, కథలు చదవడమే. ఆ కథలు మీర్ ఉమర్ హసన్ అనే గుజరాతీ కవివని చెబుతారు. అలాంటి కవి ఎప్పుడూ లేడు. వలస పాలన మన చరిత్రను పోగేసి, పేర్లు పెట్టి, అద్దాల బీరువాల్లో సర్దిన తీరు మీద అదంతా ఒక పెద్ద పరిహాసం. విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియం వీళ్ళ చేత ఒక ఆట చేయించింది. వలస రాజ్యపు సొత్తుతో నిండిన మ్యూజియం అదే కావడం విశేషం. నాకు అభ్యంతరం ఒకటుంది: ఆ ఆటల ఇంగ్లీషు చాలా పండిత ఇంగ్లీషు. చలా ఊరివాడు ఎవడు చదవగలడు? ఈ ప్రశ్న మన నవ్య కవిత్వాన్ని కూడా అడిగాం కనుక వీళ్ళను అడగకుండా ఉండలేను.

భాష సంగతికే వస్తే, టొరాంటోలోని విసై గేమ్స్ అనే చిన్న బృందం 2023లో చేసిన 'వెన్బా' నాకు బాగా నచ్చింది. కెనడాకు వలసపోయిన తమిళ కుటుంబం, తల్లి వంట, ఆమె అమ్మ ఇచ్చిన చిరిగిపోయిన వంటల పుస్తకం. చెరిగిపోయిన అక్షరాలను ఊహించి వంట చెయ్యాలి. తర్వాత కొడుకు ఆ పుస్తకం తెరిచే ఘట్టం వస్తుంది. అతనికి తమిళం సరిగా రాదు. వంటలో ఏం చెయ్యాలో తెలియక మనమూ తడబడతాం. భాష పోవడమంటే ఏమిటో ఉపన్యాసం లేకుండా చేతికి తెలుస్తుంది. 2024లో దానికి బ్రిటిష్ బాఫ్టా తొలి ఆట బహుమతి ఇచ్చింది. మన తెలుగువాళ్ళు అమెరికాలో లక్షల్లో ఉన్నారు, కంప్యూటర్ల మీదే బతుకుతున్నారు. వాళ్ళ సభల స్మారక సంచికలు చదివే ఓపిక ఉన్నవాణ్ణి కనుక అడుగుతున్నాను: వాళ్ళ నుంచి ఇలాంటిది ఒకటైనా ఎందుకు రాకూడదు?

ఇప్పుడు సెమినారు గదికీ తార్నాక గదికీ ఉన్న తేడా. ప్రదర్శనలో ఆట ముందు ఒక్కడే కూర్చుంటాడు. వెనక పదిమంది తమ వంతు కోసం కాళ్ళు మార్చుకుంటూ ఉంటారు. వెనకవాళ్ళ కోసం ముందువాడు తొందరపడతాడు. గంటసేపు ఆడవలసిన దాన్ని నాలుగు నిమిషాల్లో రుచి చూసి లేస్తాడు. నవలను గోడకు వేలాడదీసి రెండు పేజీలు చదివి ముందుకు సాగండి అన్నట్టుంటుంది. అయినా ప్రదర్శన అవసరం లేదనను. వెబ్‌లో నడిచిన చిన్న ఆటలు వేల సంఖ్యలో ఫ్లాష్ అనే సాఫ్ట్‌వేర్ మీద ఆధారపడ్డాయి. అడోబీ సంస్థ 2020 డిసెంబరు 31తో దాన్ని నిలిపివేసింది. పాత యంత్రాన్ని ఎవరో ఒకరు భద్రం చేసి, తిరిగి నడిపించి చూపకపోతే అవి మన చిన్న పత్రికల పాత సంచికల మాదిరే చెదపురుగుల పాలవుతాయి.

తార్నాక గదిలో కుర్చీలు లేవు. చాప మీద ఏడుగురం, గోడ మీద ప్రొజెక్టరు వెలుగు. లూకస్ పోప్ 2013లో ఒంటరిగా చేసిన 'పేపర్స్, ప్లీజ్' పెట్టారు. ఒక నియంతృత్వ దేశపు సరిహద్దు చౌకీలో మీరు గుమాస్తా. వచ్చినవాళ్ళ కాగితాలు చూసి ముద్ర వెయ్యాలి. ఎంతమందిని తప్పు లేకుండా చూస్తే అంత జీతం. సాయంత్రం ఇంటి అద్దె, తిండి, చలికి కట్టెల ఖర్చు. భర్త కాగితాలు సరిగ్గా ఉంటాయి, అతను దాటిపోతాడు. వెనక భార్య వస్తుంది. ఆమె దగ్గర ఒక కాగితం లేదు. ఒకమ్మాయి ఆడుతోంది, ఆమె చెయ్యి ఆగిపోయింది. "పంపియ్యి" అన్నారు ముగ్గురు. "జీతం కోస్తరు" అన్నాడొకడు. ఒక పిల్లవాడు, వాళ్ళ నాయన మండలాఫీసులో పనిచేస్తాడట, గట్టిగా అన్నాడు: "లోపల కూసున్నోని బాధ మీకు తెల్వదు. పై నుంచి లిస్టు వస్తది, ఆయనేం చేస్తడు?" ఇరవై నిమిషాలు ఆట ఆగింది, వాదన నడిచింది. ఇంటింటి సర్వేలూ, లబ్ధిదారుల జాబితాలూ మా ఉపాధ్యాయుల మెడకు చుట్టుకునే పనులే కనుక నేనూ ఊరుకోలేకపోయాను. ఎవరు గెలిచారని ఎవరూ అడగలేదు. 'స్పెంట్' పరీక్షలో చూసినవాళ్ళు ఎందుకు మెరుగుపడ్డారో నాకు అక్కడ కొంత అర్థమైంది. ఒకడు ఆడతాడు, పదిమంది కూడా ఉండి అడ్డం పడతారు. బోల్ కోరుకున్నదీ, మన వీధి ఆటలో జరిగేదీ ఇదే. ఆటను ప్రదర్శించే పద్ధతి ఏదైనా ఉంటే అది చాప పద్ధతి కావాలని నా అభిప్రాయం.

ఆ గదిలో చూసినవేవీ తెలుగువి కావు, చివరిది తప్ప. ఆ చివరిది చెప్పేముందు ఒక్క విషయం. ఉస్మానియా 1918లో ఉర్దూ మాధ్యమంలో మొదలైంది. అంతకు ముందే అనువాద శాఖ పెట్టి, వైద్యం, ఇంజనీరింగు కూడా దేశభాషలో చెప్పించింది. ప్రజల్లో తెలుగువాళ్ళు ఎక్కువగా ఉన్న రాజ్యంలో ఉర్దూ ఒక్కదాన్నే ఎత్తుకోవడంలోని అన్యాయం అలా ఉంచండి. శాస్త్రానికి మన భాషలు చాలవన్న వాదాన్ని ఆ ప్రయోగం తిప్పికొట్టింది. ఈనాడు ఆటకు కావలసిన పరిభాష తెలుగులో లేదనేవాళ్ళు ఆ ఆవరణలోనే తిరుగుతున్నారు. పరికరం కూడా లేకపోలేదు. ట్వైన్ అని 2009 నుంచి ఉచితంగా దొరికే సాఫ్ట్‌వేర్ ఒకటుంది. బొమ్మలు అక్కరలేదు, ప్రోగ్రామింగు రానక్కరలేదు. పేరాలు రాసుకుని, ఏ మాట నొక్కితే ఏ పేరాకు పోవాలో కలపడమే. తెలుగు అక్షరాలు ఇబ్బంది లేకుండా వస్తాయి. కథ రాయగలిగిన ఎవరైనా రెండు రోజుల్లో నేర్చుకోవచ్చు.

ఆటలో చెయ్యి ఆపిన ఆ అమ్మాయే ట్వైన్‌లో ఒకటి రాసింది. ఒక ధ్రువపత్రం కోసం తండ్రీ కూతుళ్ళు ఆఫీసుకు తిరుగుతారు. మొదట చేతిలో 600 రూపాయలుంటాయి. ప్రతి పేజీలో బస్సు చార్జీ, జిరాక్సు, తండ్రి పోగొట్టుకున్న కూలి తగ్గిపోతూ పోతాయి. చివర నీలం రంగులో ఒక్క మాట ఉంటుంది: 'రేపు'. నొక్కితే అదే పేజీ, తేదీ మారి ఉంటుంది. ఎనిమిదో 'రేపు' దగ్గర తండ్రి రావడం మానేస్తాడు. ఆ తర్వాత కూతురు ఒక్కతే. ఒకచోట 'అర్జీ' అని రాసి పక్కన ప్రశ్నార్థకం పెట్టుకుంది. పుస్తకాల్లో అట్లా చూసిందట. మీ నాయన ఏమంటాడమ్మా అని అడిగాను. "దరకాస్తు అంటడు సార్" అంది. అదే ఉంచమన్నాను.